నీళ్లు నిండిన చేను అందంగానే ఉంటుంది

డాక్యుమెంటరీలు తీసే నా స్నేహితుడొకడు ఫిబ్రవరిలో కోనసీమలో ముమ్మిడివరం దగ్గర ఒక దాళ్వా (రెండో పంట) వరి చేలో పది రోజులు మకాం పెట్టాడు. నేలను బాగుచేసే సాగు, వాతావరణ మార్పు, ఇవే వాడి సబ్జెక్టులు. నేను సంచులు మోయడానికి వెళ్లాను. మొదటి రోజు డ్రోన్ ఎగరేసి తీసిన షాట్ చూస్తే ఎవరికైనా ప్రాణం లేచొస్తుంది. అద్దంలా నీళ్లు, అందులో తలకిందులుగా కొబ్బరిచెట్లు, గట్టు మీద కొంగలు. చిక్కేమిటంటే వాడి సినిమాలో విలన్ ఆ నీళ్లే.

చేలో నీళ్లు రోజుల తరబడి నిలబడితే కింద బురదకి గాలి అందదు. గాలి తగలని చోటే బతికే సూక్ష్మజీవులు, అక్కడ కుళ్లే దుబ్బులు, వేళ్ల మీద ఆధారపడి మీథేన్ అనే వాయువు తయారు చేస్తాయి. వందేళ్ల లెక్కలో ఇది కార్బన్ డయాక్సైడ్ కంటే 27 రెట్లు ఎక్కువ వేడి పట్టి ఉంచుతుంది, 20 ఏళ్ల లెక్కలో అయితే 80 రెట్లు. మనుషుల పనుల వల్ల గాల్లో కలిసే మీథేన్‌లో సుమారు 8 శాతం వరి చేలదే.

మరి దీన్ని కెమెరాకి ఎలా చూపించాలి? రంగు లేదు, వాసన లేదు. కోనసీమ నేల కింద నుంచి తోడుతున్న సహజవాయువులో ఎక్కువ భాగం మీథేనే. పైపుల్లో దాని లీకులు పట్టే ఇన్‌ఫ్రారెడ్ కెమెరాలు ఉన్నాయి గానీ, చేనంతా పరుచుకుని పల్చగా ఊరేది వాటికి చిక్కదు. చివరికి 1776లో ఇటలీలో వోల్టా చేసిన పనే మేమూ చేశాం (తరవాత బ్యాటరీ కనిపెట్టింది ఈయనే). సీసాని నీళ్లతో నింపి, మూతికి గరాటు పెట్టి, చేలో తలకిందులుగా పట్టుకుని, కింద బురదని కర్రతో పొడిచాం. బుడబుడమని బుడగలు లేచి సీసాలో నీటిని కిందికి నెట్టాయి. అర సీసా నిండేసరికి నడుములు పడిపోయాయి. మధ్యాహ్నం ఎండలో అగ్గిపుల్ల పెడితే వెలిగిందో లేదో కూడా తెలియలేదు. చీకటి పడ్డాక మళ్లీ పట్టి వెలిగిస్తే మూతి దగ్గర నీలంగా మంట, రెండు సెకన్లు, అంతే. వాడు ఎగిరి గంతేశాడు.

అయితే ఆ బుడగలు అసలు కథలో చిన్న ముక్కే. వరి నీళ్లలో నిలబడి కూడా బతికేది కాడలో ఉండే సన్నటి గాలి దారుల వల్ల, ఆకుల నుంచి వేళ్లకి గాలి దిగేది వాటిలోంచే. మీథేన్ కూడా అదే దారి పట్టి పైకెక్కేస్తుంది. చేను వదిలే దాంట్లో 90 శాతం దాకా ఇలా మొక్కలోంచే పోతుంది. పచ్చగా ఊగే ప్రతి దుబ్బూ ఒక పొగగొట్టమన్నమాట, పొగ మాత్రం కనపడదు.

విరుగుడు వినడానికి తేలిక. మధ్యమధ్య చేను ఆరనివ్వాలి, ఆరుతడి అంటారు. చిల్లులు పెట్టిన ప్లాస్టిక్ గొట్టం ముక్కని నేలలో దించి లోపలి బురద తీసేస్తే, అడుగున నీరెంత లోతులో ఉందో తొంగి చూడొచ్చు. నేల మట్టానికి 15 సెంటీమీటర్లు కిందికి దిగాకే మళ్లీ నీళ్లు పెట్టాలి. పూత వేళ మాత్రం ఎండగట్టకూడదు, తాలు పడుతుంది. సరిగ్గా చేస్తే దిగుబడి పెద్దగా తగ్గకుండానే మీథేన్ దాదాపు సగం తగ్గుతుంది. ఆ చేను రైతు మనవరాలి జామెట్రీ బాక్సులోంచి స్కేలు తెచ్చి కొలిచేవాడు.

చేను ఆరి వెంట్రుకవాసి బీటలు కనపడగానే మావాడు కెమెరా దించాడు. రైతు చెయ్యి అడ్డం పెట్టాడు. "వద్దండి బాబూ, మా అల్లుడు చూశాడంటే మావయ్య చేను ఎండగట్టేశాడంటాడండి. కింద తడుందండి, ఆయ్." ఆయన బాధ న్యాయమే, బీటలంటే కరువని సినిమాలే కదా మనకి నేర్పాయి.

పచ్చిరొట్ట (పచ్చిగా ఉండగానే నేలలో కలియదున్నే ఎరువు పైరు) దగ్గర మాత్రం మా ఇద్దరికీ గొడవైంది. 2016 నుంచి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ రైతు సాధికార సంస్థ నడిపిస్తున్న ప్రకృతి సాగులో తొలకరికి ముందే నవధాన్యాలు చల్లిస్తున్నారు. దాళ్వా కోతకీ సార్వా (తొలి పంట) దమ్ముకీ మధ్య మాడిపోయే నేలకి అది నిజంగా మేలు. జీలుగ, పిల్లిపెసర వేళ్ల బుడిపెల్లోని బాక్టీరియా గాల్లో నత్రజనిని పట్టి ఇస్తుంది కూడా. కానీ రొట్టని పచ్చిగా కలియదున్ని వెంటనే నీళ్లు నిలబెడితే బురదలోని ఆ జీవులకి పెళ్లి భోజనం పెట్టినట్టే, మీథేన్ పెరుగుతుంది. ముందుగా దున్ని నీళ్లు పెట్టకుండా కొన్నాళ్లు కుళ్లనిస్తే అంత రాదు. ఇది నువ్వు చెప్పి తీరాలిరా అన్నాను. నిడివి పెరుగుతుందన్నాడు. ఆరబెట్టే చేలో యూరియా గుమ్మరిస్తే నైట్రస్ ఆక్సైడ్ అనే మరో వేడి పట్టే వాయువు లేచి, ఆదా అయిన దాంట్లో కొంత తినేస్తుందని కూడా చెప్పబోతే మొహం తిప్పుకున్నాడు.

తొమ్మిదో రోజు పొద్దున్నే గొట్టంలో స్కేలు దించే షాట్ తీద్దామని వెళ్లాం. 1852లో కాటన్ దొర ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేశాక కాలువలైతే ఊరూరికీ వచ్చాయి గానీ, ప్రతి చేనుకీ సొంత బోదె లేదు, పై చేలోంచి కింది చేలోకి నీళ్లు దిగాల్సిందే. రాత్రి కాలువ వంతు వచ్చింది, పై చేను రైతు గండి తీశాడు. తెల్లారేసరికి మా గొట్టం మునిగిపోయి, నీళ్లలో మళ్లీ తలకిందులుగా కొబ్బరిచెట్లు.

పెద్దాయన గట్టు మీద కూర్చుని, "ఇప్పుడు తీసుకోండి బాబూ, చాలా బాగుందండి" అన్నాడు.