ఫైటర్లంటే మొండిధైర్యమే అనుకునేవాళ్ళకి

"నిజంగానే కొట్టుకుంటారా అన్నా?" నేను సినిమా ఫైటర్ని అని చెప్పగానే ఎవరైనా ముందు అడిగేది ఇదే. ఇలాంటివి కొన్ని ఉన్నాయి, ఒక్కొక్కటీ చెప్తాను.

అపోహ: గుండెధైర్యం ఉంటే చాలు, ఫైటర్ అయిపోవచ్చు.

ధైర్యం ఒక్కటే పట్టుకుని వచ్చే కుర్రాళ్ళని చూస్తేనే ఫైట్ మాస్టర్లకి టెన్షన్. మాకు కావాల్సింది టైమింగ్. హీరో పిడికిలి నా దవడకి జానెడు దూరంలో పోతుంది. కెమెరా హీరో భుజం వెనకాలో, నా భుజం వెనకాలో ఉంటుంది కాబట్టి ఆ ఖాళీ తెరమీద కనిపించదు. చెయ్యి నా ముఖం దాటే క్షణంలోనే నా తల తిరగాలి, ఆ వెంటనే భుజం, ఆ తర్వాత నడుము తిరగాలి. తల కాస్త ముందు తిరిగిందా, కొట్టకుండానే పడ్డట్టుంటుంది. ఆలస్యమైందా, దెబ్బ నిజంగానే తగలొచ్చు. మేం రియాక్షన్ అనేది దీన్నే. హీరో బలం ప్రేక్షకుడికి తెలిసేది మా ఒంట్లోంచే, ఈ మాట నేను గర్వంగానే చెప్తాను.

అపోహ: ఇప్పుడంతా రోపులూ గ్రాఫిక్సే, రిస్కేముంది?

మా ఒంటికి కట్టి లాగే తాడే రోపు. గ్రాఫిక్స్‌లో చెరిపేది ఆ రోపుని, మనిషి బరువుని కాదు. ఒక్కసారిగా వెనక్కి లాగినప్పుడు ఆ కుదుపు మెడకీ నడుముకీ తగులుతుంది. రోపు పట్టుకున్నవాళ్ళకీ మాకూ లెక్క కుదరాలి, అందుకే రిహార్సల్‌కి టైమ్ ఇవ్వని షూటింగ్ అంటే నాకు భయం.

అపోహ: ఎంత ఎత్తైతే అంత ప్రమాదం.

ఎత్తు నుంచి పడే షాట్‌కి కింద ఖాళీ అట్టపెట్టెలు పేర్చి, పైన పరుపులు వేస్తారు, లేదంటే ఎయిర్ బ్యాగ్ పెడతారు. కాళ్ళమీద దిగకూడదు, గడ్డం ఛాతీకి ఆనించి వీపు మొత్తం పరుచుకునేలా పడాలి. ఇవన్నీ సరిగ్గా ఉంటే ఎత్తుని చాలావరకు కాచుకోవచ్చు. ప్రాణం తీసేది ఏర్పాట్లు లేకపోవడం. 2016 నవంబరులో బెంగళూరు దగ్గర తిప్పగొండనహళ్ళి జలాశయంలో ఒక కన్నడ సినిమా కోసం ముగ్గురు హెలికాప్టర్ నుంచి నీళ్ళలోకి దూకారు. హీరో బయటపడ్డాడు, మిగతా ఇద్దరూ మునిగి చనిపోయారు. దూకడం వరకు అందరూ ఆలోచించారు, దూకాక నీళ్ళలోంచి ఎవరు లాగాలన్నది గట్టిగా ఆలోచించలేదు. ఆ వీడియో ఇప్పటికీ నేను పూర్తిగా చూడలేను.

అపోహ: ఇది మగాళ్ళ పని.

హీరోయిన్ ఫైట్ అంటే మగ ఫైటరే విగ్గు పెట్టుకుని చీర కట్టుకునే రోజులున్నాయి, నిజమే. కానీ బొంబాయిలో రేష్మా పఠాన్ అనే అమ్మాయి 1968లోనే, ఇంకా టీనేజ్‌లో ఉండగానే ఈ పనిలోకి వచ్చేసింది. స్టంట్ అసోసియేషన్‌లో అంతా మగవాళ్ళే ఉన్న కాలంలో మెంబర్‌షిప్ కార్డు తెచ్చుకుంది. 1975లో వచ్చిన షోలేలో బసంతి టాంగా పరుగు మీకు గుర్తుండే ఉంటుంది. అక్కడ హేమమాలినికి డూప్ ఈవిడే. ఆ షూటింగ్‌లో టాంగా బోల్తాపడి ఈవిడ దాని కింద పడింది, గాయపడింది, అయినా మళ్ళీ వచ్చి పని చేసింది. దశాబ్దాల పాటు ఎందరో హీరోయిన్లకి డూప్‌గా చేసినా, 2019లో ఆవిడ జీవితం మీద సినిమా వచ్చేదాకా ఆ పేరు చాలామందికి తెలియదు. డూప్ బాగా చేస్తే డూప్ ఉన్నట్టే తెలియకూడదు, పనిలో ఉన్న కష్టం అదే. కానీ తెరమీద ముఖం కనిపించకపోవడం వేరు, టైటిల్స్‌లో పేరు లేకపోవడం వేరు. రెండోది అన్యాయం.

అవార్డులా? జాతీయ అవార్డుల్లో యాక్షన్‌కి చోటు దొరికింది 2016 సినిమాల నుంచి, మొదటిది పీటర్ హెయిన్ మాస్టర్‌కి వచ్చింది. ఆస్కార్ వాళ్ళు 2027లో విడుదలయ్యే సినిమాల నుంచి స్టంట్ డిజైన్‌కి ఇస్తామని ప్రకటించారు. చాలా సంతోషం. అయితే మాలో ఎక్కువమందికి పని చేసిన రోజుకే డబ్బు. కాలు విరిగితే ఆసుపత్రి బిల్లు ప్రొడక్షన్ కట్టినా, ఇంట్లో పడుకున్న ఆ నెలలకి కూలీ ఎవరిస్తారన్నది ముందే కాగితం మీద రాసుకోవాలి. కొత్తగా వచ్చే తమ్ముళ్ళు, చెల్లెళ్ళు షాట్ ఏంటని అడిగే ముందు ఇది అడగండి.