పాటల పోటీ వేదిక మీద ఇద్దరు: లెవెన్‌గుడ్ వెనుక ఉన్న చట్టాల చరిత్ర

ఐరోపా దేశాల మధ్య ఏటా జరిగే పాటల పోటీ యూరోవిజన్‌కు స్వీడన్ పాటను ఎంపిక చేసే మెలోడీఫెస్టివాలెన్ ఆ దేశంలో ఇంటిల్లిపాదీ టీవీ ముందు కూర్చుని చూసే పోటీ. 2003లో దానికి వ్యాఖ్యాతలుగా వచ్చినవారు టీవీ వ్యాఖ్యాత మార్క్ లెవెన్‌గుడ్, రచయిత యోనాస్ గార్డెల్. హెల్సింకీలో పెరిగిన లెవెన్‌గుడ్ మాటలోని ఫిన్లాండ్ స్వీడిష్ యాస ప్రేక్షకులకు అప్పటికే సుపరిచితం. ఆ ఇద్దరు పురుషులూ 1995 నుంచి చట్టరీత్యా జీవిత భాగస్వాములన్న సంగతీ దేశానికి తెలిసిందే. తెరపై అంత సహజంగా కనిపించిన ఆ జంటకు చట్టం మాత్రం ఏ హక్కునూ ఒక్కసారిగా ఇవ్వలేదు.

స్వీడన్‌లో స్వలింగ సంబంధాలు నేరం కాకుండా పోయింది 1944లో. నేరం పోయినా రోగమన్న ముద్ర మిగిలింది. 1979లో కొందరు జబ్బు సెలవుల సంగతి చూసే బీమా కార్యాలయాలకు ఫోన్ చేసి, తాము స్వలింగ ప్రియులం గనుక ఒంట్లో బాగోలేదని, ఆ రోజు పనికి రాలేమని చెప్పారు. హాస్యంలా ఉన్నా, ప్రభుత్వ రోగాల పట్టికను అక్షరాలా నమ్మితే ఆ సెలవు న్యాయమైనదే. ఆగస్టు 29న ఉద్యమకారులు స్టాక్‌హోమ్‌లో ఆ పట్టికను నిర్వహించే జాతీయ ఆరోగ్య మండలి మెట్లెక్కి బైఠాయించగా, మండలి అధిపతిగా కొత్తగా నియమితురాలైన బార్బ్రో వెస్టర్‌హోమ్ వారితో మాట్లాడారు. ఆ శరదృతువులోనే స్వలింగ ప్రియత్వం పేరు ఆ రోగాల పట్టిక నుంచి తొలగిపోయింది.

తరువాతి దశాబ్దం ఎయిడ్స్ భయానిది. 1987లో పురుషులు కలుసుకునే స్నానశాలలను నిషేధించిన చట్టం 2004 దాకా కొనసాగింది. మరణిస్తున్న రోగి కన్నీరు తుడిచిన నర్సును, చేతికి తొడుగు లేదని మరో నర్సు మందలించే దృశ్యాన్ని గార్డెల్ తన 2012 టీవీ ధారావాహికలో చూపింది ఆ కాలాన్నే.

1995 జనవరి 1న అమలులోకి వచ్చిన భాగస్వామ్య నమోదు చట్టం ఆస్తి, వారసత్వ హక్కులిచ్చింది గానీ, పిల్లలను దత్తత తీసుకోనివ్వలేదు. ఆ హక్కు 2003 ఫిబ్రవరి 1న, అంటే ఈ ఇద్దరూ పాటల పోటీ నడిపిన ఏడాదే లభించింది. పెళ్లి అన్న మాటకు మరో ఆరేళ్లు పట్టింది: 2009 ఏప్రిల్ 1న పార్లమెంటు 261–22 ఓట్లతో వివాహ చట్టాన్ని సవరించగా, అది మే 1 నుంచి అమలైంది. అక్టోబరులో స్వీడన్ చర్చి కూడా అలాంటి పెళ్లిళ్లు జరిపించడానికి అంగీకరించింది, అయితే ఇష్టంలేని పాస్టరును నిర్బంధించకూడదన్న వెసులుబాటుతో. ఆ వెసులుబాటు ఉండరాదని 2017లో ప్రధాని స్టెఫాన్ లోవెన్ బహిరంగంగా అన్నప్పుడు వాదన మళ్లీ మొదలైంది.