థింద్ తీర్పు రాసిన సదర్లాండ్: అమెరికా పౌరసత్వ వివాదానికి వందేళ్ల వెనకటి కథ

హెచ్‌1బి వీసా మీద అమెరికాలో ఉంటున్న దంపతులకు అక్కడే బిడ్డ పుడితే ఆ బిడ్డ అమెరికా పౌరుడవుతాడా, కాడా? 2025 జనవరి 20న అధ్యక్షుడు ట్రంప్ సంతకం చేసిన ఉత్తర్వుతో డాలస్ నుంచి గుంటూరు దాకా తెలుగు ఇళ్లలో ఈ ప్రశ్న నలిగింది. తల్లి తాత్కాలిక వీసా మీద ఉండి, తండ్రికి పౌరసత్వం గానీ గ్రీన్‌కార్డు గానీ లేకపోతే బిడ్డకు పౌరసత్వం లేదన్నది ఆ ఉత్తర్వు సారాంశం. కింది కోర్టులు దాని అమలును నిలిపేశాయి. భారతీయులు ‘అమెరికన్లు’ కాగలరా అన్న వాదన మాత్రం ఇప్పుడు పుట్టింది కాదు. దాని మీద అమెరికా సుప్రీంకోర్టు 1923లోనే తీర్పు చెప్పింది. ఆ తీర్పు రాసిన న్యాయమూర్తి జార్జ్ సదర్లాండ్.

సదర్లాండ్ స్వయంగా వలస వచ్చినవారే. 1862లో ఇంగ్లండ్‌లోని స్టోనీ స్ట్రాట్‌ఫర్డ్‌లో పుట్టారు. తల్లిదండ్రులు మోర్మన్ మతంలో చేరి, మరుసటి ఏడాదే పసివాణ్ణి తీసుకుని యూటా చేరుకున్నారు. ఇల్లు గడవక పన్నెండేళ్లకే బడి మానేసి బట్టల కొట్లో పనికి కుదిరారు. ఆ తర్వాత ప్రోవోలోని బ్రిగమ్ యంగ్ అకాడమీలో చదువు, మిషిగన్ విశ్వవిద్యాలయంలో కొన్ని నెలల న్యాయవిద్య, 1883 నుంచి ప్రోవోలో వకీలు వృత్తి. 1896లో యూటా రాష్ట్రమయ్యాక తొలి శాసనసభలో రాష్ట్ర సెనేటర్‌గా కూర్చున్నారు. గని కార్మికులకు ఎనిమిది గంటల పనిదినం కావాలన్న పక్షాన నిలబడ్డారు. ఒక దఫా ప్రతినిధుల సభలో, 1905 నుంచి 1917 వరకు అమెరికా సెనేట్‌లో రిపబ్లికన్ సభ్యుడిగా ఉన్నారు. మహిళలకు ఓటుహక్కు ఇచ్చే రాజ్యాంగ సవరణను 1915లో సెనేట్‌లో ప్రవేశపెట్టింది ఆయనే. 1916 ఎన్నికలో ఓడిపోయారు. అధ్యక్షుడు హార్డింగ్ 1922 సెప్టెంబరు 5న సుప్రీంకోర్టుకు ఆయన పేరు ప్రతిపాదిస్తే, సెనేట్ అదే రోజు ఆమోదించింది.

ఈ జీవితాన్ని చూస్తే సదర్లాండ్‌ను కరడుగట్టిన మనిషి అనలేం. అందుకే తర్వాత జరిగింది మరింత బాధ కలిగిస్తుంది.

1790 నాటి చట్టం ప్రకారం, బయటి నుంచి వచ్చినవాళ్లలో ‘తెల్లవారి’కే పౌరసత్వం. 1870లో ఆఫ్రికా సంతతికీ దారి తెరిచారు. ఆసియావాళ్లు ఎటూ కాకుండా మిగిలిపోయారు. జపాన్‌లో పుట్టి, ఇరవై ఏళ్లుగా అమెరికాలో ఉంటూ, ఇంట్లో పిల్లలతో ఇంగ్లిషే మాట్లాడే టకావో ఒజావా పౌరసత్వం కోసం సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. 1922 నవంబరు 13న సదర్లాండ్ తీర్పు రాశారు: ఒంటి రంగు కొలబద్ద కాదు, ‘తెల్లవారు’ అంటే కాకేసియన్ (నాటి పండితుల జాతి విభజనలో ఒక వర్గం) జాతివారు, ఒజావా ఆ జాతి కాదు.

మూడు నెలలకు భగత్ సింగ్ థింద్ కేసు వచ్చింది. పంజాబ్‌లో పుట్టిన ఈ సిక్కు యువకుడు 1913లో అమెరికా వెళ్లి, ఆరెగాన్ కలప మిల్లుల్లో పనిచేసి, మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో అమెరికా సైన్యంలో చేరారు. ఉత్తర భారతీయులు కాకేసియన్లేనని ఆనాటి జాతిశాస్త్ర గ్రంథాలే రాస్తున్నాయి కదా, మీరు పెట్టిన కొలత ప్రకారమే నాకు పౌరసత్వం ఇవ్వండి అన్నది ఆయన వాదన. ఆ వాదన కూడా జాతి నిచ్చెన మీదే నిలబడిందని ఒప్పుకోవాలి. చట్టం వేరే దారి ఉంచలేదు.

1923 ఫిబ్రవరి 19న సదర్లాండ్ తన కొలతను తానే పక్కన పెట్టారు. పండితుల వర్గీకరణ కాదు, సామాన్యుడి దృష్టిలో ఎవరు తెల్లవాళ్లో వాళ్లే తెల్లవాళ్లు అన్నారు. న్యాయమూర్తులంతా ఏకగ్రీవం. ఇంగ్లిష్, జర్మన్, ఇటాలియన్ తల్లిదండ్రుల పిల్లలు జనంలో కలిసిపోతారనీ, భారతీయుల పిల్లలు అమెరికా గడ్డ మీద పుట్టినా పూర్వీకుల ఆనవాళ్లను ఎప్పటికీ మోస్తూనే ఉంటారనీ ఆ తీర్పులో ఉంది. నేటి వాదనలు వింటుంటే నాకు గుర్తొచ్చేది ఈ మాటే.

తీర్పు థింద్‌తో ఆగలేదు. అప్పటికే పౌరసత్వం వచ్చిన భారతీయుల మీద ప్రభుత్వం కేసులు వేసి, పదుల సంఖ్యలో రద్దు చేయించింది. శాన్‌ఫ్రాన్సిస్కో వ్యాపారి వైష్ణో దాస్ బగాయ్ అలా పౌరసత్వం పోగొట్టుకున్నారు. కాలిఫోర్నియాలో అప్పటి భూచట్టం పౌరసత్వానికి అర్హత లేనివారికి ఆస్తి హక్కు ఇచ్చేది కాదు. ఇల్లు కొనుక్కోనివ్వరు, ఇండియా వెళ్లడానికి పాస్‌పోర్టూ ఇవ్వరని ఉత్తరం రాసిపెట్టి, 1928లో ఆయన ప్రాణం తీసుకున్నారు.

భీమవరంలో పుట్టిన ఔషధ శాస్త్రవేత్త యల్లాప్రగడ సుబ్బారావు బోస్టన్‌లో దిగింది 1923 అక్టోబరులో, ఈ తీర్పు వచ్చిన ఎనిమిది నెలలకు. హార్వర్డ్‌లో పరిశోధనలు, లెడర్లీ కంపెనీలో మందుల తయారీ, చాలావరకు పౌరసత్వానికి అర్హత లేని పరాయివాడిగానే. 1946లో లూస్-సెల్లర్ చట్టం వచ్చి ఆ నిషేధం తొలగింది, ఏడాదికి వందమంది భారతీయుల వలసకు అనుమతి దొరికింది. రెండేళ్లకే, 1948లో సుబ్బారావు కన్నుమూశారు. అమెరికా తెలుగువారి కథను 1965 వలస చట్టం నుంచి మొదలుపెట్టడం మనకు అలవాటు. ఈ ఇరవై మూడేళ్లను వదిలేస్తే ఆ కథ సగమే.

సదర్లాండ్ 1932లో అలబామాలో మరణశిక్ష పడిన నల్లజాతి కుర్రాళ్లకు సరైన వకీలును ఇవ్వలేదంటూ ఆ శిక్షలు కొట్టేశారు. 1938లో పదవీ విరమణ చేసి, 1942లో మరణించారు. థింద్ మాత్రం పట్టు వదల్లేదు. మాజీ సైనికుల కోసం 1935లో వచ్చిన చట్టం ఆసరాగా 1936లో పౌరసత్వం సాధించారు.

పిల్లల గురించి సదర్లాండ్ రాసిన మాట చట్టం కాలేదు. అమెరికాలో పుట్టినవారు తల్లిదండ్రుల జాతితో పనిలేకుండా పౌరులేనని వాంగ్ కిమ్ ఆర్క్ కేసులో సుప్రీంకోర్టు 1898లోనే తేల్చింది. థింద్ తీర్పు దాన్ని తాకలేదు. ట్రంప్ ఉత్తర్వును సవాలు చేసినవారు ప్రధానంగా ఆధారపడింది ఆ 1898 తీర్పు మీదే.