టికెట్ లేని శ్రోతలు: పిల్లల సంగీత పుస్తకాల్లోకి ఎలుకలు ఎలా వచ్చాయి?

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతాన్ని పిల్లలకు పరిచయం చేసే బొమ్మల పుస్తకాలు ఓ నాలుగు తిరగేస్తే ఒక సంగతి కొట్టొచ్చినట్టు కనబడుతుంది. వాటిలో తరచూ ఎలుకలూ పిల్లులే పెద్ద వేషాలు కడతాయి. ఒపెరా, అంటే పాటలతో నడిచే నాటకం, ఆడే హాలు అటక మీద ఎలుక కాపురం ఉంటుంది. రైలు స్టేషన్లో కీచురాయి కచేరీ చేస్తుంది. మనుషులవి పక్కవేషాలు. పిల్లల కథల్లో జంతువులు మాట్లాడటం కొత్తేమీ కాదు, పంచతంత్రం నాటి నుంచీ ఉన్నదే. కానీ సింహాన్నీ నక్కనూ పక్కనపెట్టి, మనిషి కట్టుకున్న ఇంట్లో పిలవకుండా చేరే ప్రాణుల మీదే ఈ పుస్తకాలకు ఎందుకంత ప్రేమ? దీనికి జవాబు సంగీతంలో కంటే టికెట్ కౌంటర్ దగ్గర దొరుకుతుందని నా అభిప్రాయం.

మొదట్లో జంతువులు హాల్లో లేవు, బాణీల్లో ఉండేవి. 1886లో ఫ్రెంచి స్వరకర్త కమీల్ సాన్-సాన్స్ ఆస్ట్రియాలో ఒక పల్లెలో సెలవు గడుపుతూ, స్నేహితుల కోసం సరదాగా ‘జంతువుల కార్నివాల్’ రాశాడు. మొత్తం పద్నాలుగు చిన్న ముక్కలు. ఏనుగు వంతుకి డబుల్ బేస్ వాయిద్యాన్ని ఇచ్చాడు. తాబేలు కోసం పారిస్‌ని చిందులేయించిన కాన్‌కాన్ బాణీ తీసుకుని నత్తనడకన వాయించమన్నాడు. పియానో సాధన చేసేవాళ్లను కూడా జంతువుల లెక్కలోనే వేశాడు, వాళ్ల సరళీ వరసలతో సహా. ఇది బయటికొస్తే తనను ఎవరూ గంభీరమైన విద్వాంసుడిగా చూడరని భయపడి, తాను బతికుండగా ‘హంస’ ఒక్కటి తప్ప మరేదీ అచ్చు కాకూడదన్నాడు. ఆయన 1921 చివర్లో పోయాడు. 1922లో అది అచ్చయింది. ఆయన దాచిపెట్టిన ఆ సరదా ముక్కే ఇవాళ లోకంలో ఎక్కడెక్కడి పిల్లలకో ఆయన పేరు చెబుతోంది.

దాన్ని పాఠంగా మార్చినవాడు రష్యన్ స్వరకర్త ప్రొకోఫియెవ్. మాస్కోలో పిల్లల నాటకశాల నడుపుతున్న నటాలియా సాట్స్ అడిగితే 1936లో ‘పీటర్ అండ్ ద వుల్ఫ్’ రాశాడు. ఉద్దేశం దాపరికం లేనిది: పిల్లలు ఒక్కో వాయిద్యాన్ని గొంతు పట్టి గుర్తుపట్టాలి. పిట్టకి ఫ్లూట్, బాతుకి ఓబో, పిల్లికి క్లారినెట్, విసుక్కునే తాతకి బస్సూన్, తోడేలుకి మూడు కొమ్ము బూరలు. కథ చెప్పే మనిషి ముందే ఎవరి వాయిద్యం ఏదో చెప్పేస్తాడు. తర్వాత కథ నడుస్తుంటే పిల్లల చెవులు వాటంతట అవే పనిచేస్తాయి. బొమ్మల పుస్తకం వేసేవాళ్లకు ఇంతకంటే ఏం కావాలి? పేజీకో జంతువు, జంతువుకో వాయిద్యం. ఆ మరుసటి ఏడే సాట్స్‌ని స్టాలిన్ ప్రభుత్వం అరెస్టు చేసింది, ఏళ్ల తరబడి శిబిరాల పాలైంది. ఈ కథ చదివి వినిపించే తల్లిదండ్రుల్లో ఆమె పేరు విన్నవాళ్లు తక్కువే.

ఇవన్నీ పల్లె జంతువులు, లేదా అడవివి. పట్నం వచ్చిన మొదటి పెద్ద జంతువు బాబార్ అనే ఏనుగు అనుకోవచ్చు. 1930లో సెసిల్ ద బ్రూనాఫ్ తన పిల్లలకు చెప్పిన కథ అది. ఆవిడ పియానో కళాకారిణి. ఆవిడ భర్త జాఁ బొమ్మలేసి 1931లో పుస్తకం చేశాడు. 1940లో స్వరకర్త పూలెంక్ పియానో ముందు కూర్చుని ఉంటే, బంధువుల పిల్లలు ఆ పుస్తకం తెచ్చి ఆయన ముందు పెట్టి ‘ఇది వాయించు’ అన్నారట. అలా మొదలైన పని 1946లో రేడియోలో వినిపించింది. ఇక్కడ వరస తిరగబడింది చూడండి. అంతకుముందు సంగీతం నుంచి బొమ్మలు పుట్టాయి, ఇప్పుడు బొమ్మల నుంచి సంగీతం పుట్టింది.

అసలు మలుపు న్యూయార్క్‌లో వచ్చింది. అక్కడి మెట్రోపాలిటన్ ఒపెరా పుట్టుకే సీట్ల తగాదా. పాత ఒపెరా హాల్లో బాక్సులన్నీ, అంటే చిన్న గదుల్లా విడిగా ఉండే ఖరీదైన సీట్లన్నీ, పాత ధనికుల చేతుల్లో ఉండిపోవడంతో, కొత్తగా డబ్బు చేసినవాళ్లు తమ బాక్సుల కోసం తామే ఒక హాలు కట్టుకున్నారు. 1883 అక్టోబర్ 22న ‘ఫౌస్ట్’ ఒపెరాతో తలుపులు తెరిచారు. బ్రాడ్వే, 39వ వీధి మూలన ఉన్న ఆ భవనంలో ధనికుల బాక్సులకు ఏ లోటూ లేదు. పై అంతస్తుల్లో చవక సీట్లు కొన్న వందలాది మందికి మాత్రం స్టేజీ సగమే కనబడేది.

డాన్ ఫ్రీమన్ ఈ హాలు చుట్టుపక్కల తిరిగిన చిత్రకారుడు. కుర్రతనంలో ట్రంపెట్ వాయించి పొట్టపోసుకునేవాడు. ఒకరోజు సబ్‌వే రైల్లో ఎదుటివాళ్ల బొమ్మలు గీసుకుంటూ మైమరచి, దిగేటప్పుడు ట్రంపెట్ రైల్లోనే వదిలేశాడట. దాంతో బొమ్మలే బతుకుతెరువయ్యాయి. పత్రికలకు నాటకాల బొమ్మలు వేస్తూ తెరవెనక జీవితం బాగా చూశాడు. 1953లో భార్య లిడియాతో కలిసి చేసిన ‘పెట్ ఆఫ్ ద మెట్’ పుస్తకంలో నాయకుడు ఆ హాలు అటక మీద భార్యాపిల్లలతో ఉండే ఎలుక, మాయెస్ట్రో పెట్రీని. ఆయన ఉద్యోగం గమ్మత్తుగా ఉంటుంది. స్టేజీ ముందంచున చిన్న గూడు లాంటిది ఉంటుంది. అందులో ప్రాంప్టర్ కూర్చుని, గాయకులకు మాట అందించేస్తుంటాడు. మన నాటకాల్లో సైడు వింగులో నిలబడి డైలాగ్ అందించే మనిషి లాంటివాడే. ఆ ప్రాంప్టర్‌కి పుస్తకంలో పేజీలు తిప్పడం మన ఎలుక పని. అంటే హాలు మొత్తంలో స్టేజీకి అందరికంటే దగ్గరి చోటు, బాక్సులు కొన్న కోటీశ్వరులకు కూడా దొరకనిది, ఎలుకకు దొరికిందన్నమాట.

నేలమాళిగలో సంగీతమంటే గిట్టని పిల్లి ఉంటుంది, పేరు మెఫిస్టో. ‘ఫౌస్ట్’ కథలోని దయ్యం పేరు అది. మొజార్ట్ ‘మ్యాజిక్ ఫ్లూట్’ ఆడుతున్న రోజున పిల్లీ ఎలుకా ఎదురుపడతాయి. చివరికి పిల్లి కూడా పాటకి లొంగిపోతుంది. ఇది ఊరికే అతికించిన ముగింపు కాదు. ఆ ఒపెరాలోనే, తరిమి పట్టుకోవడానికి వచ్చినవాళ్లు గంటల మోత విని, వచ్చిన పని మరిచి చిందులేసే ఘట్టం ఉంది. పుస్తకం చదివిన పిల్ల తర్వాతెప్పుడో ఆ ఒపెరా చూస్తే ఆ చోటు పట్టేస్తుంది. ‘ఇది వింటే మంచిది నాన్నా’ అని ఒక్క ముక్క చెప్పకుండా సంగీతం నేర్పడమంటే ఇదే. ఇప్పటి రచయితలు చాలామంది ఇక్కడే తప్పటడుగు వేస్తారు.

ఎలుక హాల్లోకి చేరేనాటికి రేడియో ఆ హాలు గోడల్ని సగం పడగొట్టింది. 1928 నుంచి 1942 దాకా వాద్యబృంద నిర్వాహకుడు వాల్టర్ డామ్రోష్ ఎన్‌బీసీ రేడియోలో బడిపిల్లలకు సంగీతం వినడం నేర్పాడు. 1931 క్రిస్మస్ రోజున మెట్రోపాలిటన్ నుంచి పూర్తి ఒపెరా ప్రసారమైంది. ఆపైన శనివారం ప్రసారాలు అలవాటుగా మారాయి. 1958లో లియొనార్డ్ బెర్న్‌స్టీన్ టీవీలో పిల్లల కచేరీలు మొదలుపెట్టాడు. పాటకి టికెట్ అక్కర్లేకుండా పోయిన ఈ కాలంలోనే రచయిత జార్జ్ సెల్డన్ న్యూయార్క్ టైమ్స్ స్క్వేర్ సబ్‌వేలో ఒక కీచురాయి అరుపు విన్నాడు. కనెటికట్ రాష్ట్రంలోని సొంతూరు గుర్తొచ్చింది. 1960లో వచ్చిన ‘ద క్రికెట్ ఇన్ టైమ్స్ స్క్వేర్’ అందులోంచి పుట్టింది. అది బొమ్మల పుస్తకం కంటే పెద్దది, గార్త్ విలియమ్స్ బొమ్మలున్న నవలిక. పిక్నిక్ బుట్టలో పొరపాటున పట్నం చేరిన చెస్టర్ అనే కీచురాయి, సరిగా బేరాల్లేని ఒక పత్రికల కొట్లో రేడియో విని మొజార్ట్ నుంచి ఇటాలియన్ ఒపెరా దాకా ఒక్కసారి విన్నది విన్నట్టు పలికిస్తుంది. ఆఖరి కచేరీకి ఆఫీసుల నుంచి ఇళ్లకి పరిగెత్తే జనం నిలబడిపోతారు. చవక సీటూ ఖరీదైన సీటూ లేని హాలు, సబ్‌వే స్టేషన్.

ఆ పుస్తకానికి ఒక మచ్చ కూడా ఉంది. కీచురాయి పంజరం అమ్మే చైనా వృద్ధుడి చేత వచ్చీరాని ఇంగ్లీషు మాట్లాడించి నవ్వులాటకి వాడుకున్నారు. దీని మీద చాలాకాలం విమర్శలు వచ్చాయి, ఈమధ్య ఆ భాగాలు మార్చిన ప్రతి వెలువడింది. బాబార్ మీదా వలసవాదపు వాసన ఉందన్న విమర్శ పాతదే. ఎలుకకీ కీచురాయికీ చోటు దొరికిన కథల్లో కొందరు మనుషులకు దొరకలేదు.

తర్వాత వచ్చిన మార్పు నాకు అంత నచ్చదు. 1993లో ‘నేచర్’ పత్రికలో ఒక చిన్న పరిశోధన వచ్చింది. పది నిమిషాలు మొజార్ట్ విన్న కాలేజీ విద్యార్థులు ఒక రకం పరీక్షలో కాస్త మెరుగ్గా చేశారని, ఆ ప్రభావం పావుగంట దాటలేదని దాని సారాంశం. పసిపిల్లల ఊసే లేదందులో. అయినా ‘మొజార్ట్ వింటే తెలివి పెరుగుతుంది’ అనే ప్రచారం ఊపందుకుంది. 1998లో అమెరికాలో జార్జియా రాష్ట్ర గవర్నర్ పుట్టిన ప్రతి బిడ్డకూ శాస్త్రీయ సంగీతం ఇవ్వడానికి 1,05,000 డాలర్లు అడిగాడు. పుస్తకం కొనే తల్లిదండ్రులకు సరదా కాస్తా టెన్షన్ అయింది. పుస్తకం అట్టల మీద కథ కంటే ‘మెదడు ఎదుగుదల’ పెద్దక్షరాల్లో కనబడటం అప్పటి జాడ్యమే.

ఇంకో పాత చిక్కు ఉంది: పుస్తకం పాడదు. మొదట గ్రామఫోన్ రికార్డులు జత చేశారు, తర్వాత క్యాసెట్టు, సీడీ. ఇప్పుడు పేజీ మూలన వేలితో నొక్కితే కొన్ని సెకన్ల పాట మోగే పుస్తకాలు, క్యూఆర్ కోడ్‌లు. ఆ నొక్కుడు బొత్తాం కింద ఉండేది రూపాయి బిళ్లంత స్పీకర్. వయొలిన్, ఫ్లూట్ దాంట్లో ఓ మాదిరిగా పలుకుతాయి. డబుల్ బేస్ లాంటి కింది స్థాయి వాయిద్యం దాదాపు వినపడదు. సాన్-సాన్స్ ఏనుగు కాస్తా దోమ అయి కూర్చుంటుంది.

మన సంగతి వేరు. కర్ణాటక సంగీతంలో పిల్లలను శ్రోతలుగా తయారుచేయాలన్న ఆలోచనే తక్కువ. మాయామాళవగౌళలో సరళీ స్వరాలు, జంటలు, అలంకారాలు, ఆపైన ‘లంబోదర లకుమికర’ లాంటి గీతాలు. నేర్చుకుంటే పాడేవాళ్లవ్వాలి, లేదంటే మానెయ్యాలి. వినడానికి టికెట్ పెద్ద అడ్డు కాదు, శ్రీరామనవమి పందిళ్లలో కచేరీలు ఊరికే వినేవాళ్లు. అంతకంటే గట్టి అడ్డు గురువు గారి గడప. దాన్ని ఎవరి పిల్లలు దాటొచ్చో చాలాచోట్ల కులమే తేల్చేది. రేడియో ఇక్కడా పిల్లలకు తలుపు తీసింది. రేడియో అన్నయ్య న్యాయపతి రాఘవరావు, అక్కయ్య కామేశ్వరి గార్ల కార్యక్రమాల్లో పాటా నాటకం కలిసి వచ్చేవి. కానీ పట్నం పిట్టో ఉడుతో కచేరీకి వెళ్లే తెలుగు బొమ్మల పుస్తకం చూపించమంటే నేనైతే తడుముకోవాలి. అమెరికాలో మనవాళ్ల పిల్లలు వారాంతం కర్ణాటక సంగీతం క్లాసుకి వెళ్తారు, ఊళ్లోని లైబ్రరీ నుంచి మాత్రం మొజార్ట్ ఎలుకను ఇంటికి తెచ్చుకుంటారు.

ముడిసరుకు లేక కాదు. ‘శిశుర్వేత్తి పశుర్వేత్తి వేత్తి గానరసం ఫణిః’ అని మన పెద్దలు పిల్లల్నీ పశువుల్నీ ఒకే పాదంలో శ్రోతలుగా కూర్చోబెట్టారు. సప్తస్వరాలకు ఏడు ప్రాణుల గొంతులు చెప్పే సంప్రదాయం ఉండనే ఉంది. షడ్జమం నెమలిది, హైదరాబాద్ కేబీఆర్ పార్కులో పొద్దున్నే వినొచ్చు. రిషభం ఎద్దుది, సంక్రాంతికి గంగిరెద్దు అపార్టుమెంటు గేటు దాకా వస్తుంది. గాంధారం మేకది, పండగ ముందు ఏ వీధిలోనైనా కట్టేసి ఉంటుంది. పంచమం పాడే కోకిలకు వేపచెట్టు ఒక్కటి చాలు. ధైవతం గుర్రం పెళ్లి బరాత్‌లో, నిషాదం ఏనుగు బోనాల ఊరేగింపులో. మిగిలింది మధ్యమం ఒక్కటే, అది క్రౌంచ పక్షిదట. క్రౌంచమంటే ఏ పక్షో పండితులే ఇంకా తేల్చుకోలేదు, కొందరు సారస కొంగ అంటారు, కొందరు కాదంటారు. బొమ్మ వేసేవాళ్లు ఎవరో ఒకరు ముందు ఆ సంగతి తేల్చుకోవాలి.