పోలండ్ వాళ్ల యుద్ధ జ్ఞాపకాలు చదవబోయే పిల్లలకు

ప్రియమైన పిల్లలూ,

ఈ సెలవుల్లో చదవమని మీ స్కూల్లో ఇచ్చిన పుస్తకాల్లో రెండో ప్రపంచ యుద్ధంలో పోరాడిన పోలండ్ పైలట్ల జ్ఞాపకాలు కూడా ఉన్నాయని మీ అమ్మ చెప్పింది. ‘ఇంగ్లండ్ మీద బాంబులు పడుతుంటే పోలండ్ వాళ్లకేం పని?’ అని చిన్నవాడు అడిగాడట. మంచి ప్రశ్నే వేశాడు. ఫోన్లో తేలే జవాబు కాదని కూర్చుని రాస్తున్నాను.

1939 సెప్టెంబరు 1న జర్మనీ పడమటి నుంచి పోలండ్ మీద పడింది. అదే నెల 17న సోవియట్ సైన్యం తూర్పు నుంచి వచ్చింది. ఇక నిలవడం కుదరదని తెలిశాక పైలట్లను సరిహద్దు దాటి రొమేనియా వెళ్లిపొమ్మన్నారు. అక్కడ శిబిరాల్లో పెడితే తప్పించుకుని దొరికిన ఓడ, దొరికిన రైలు పట్టుకుని ఫ్రాన్స్ చేరారు. 1940 జూన్‌లో ఫ్రాన్స్ కూడా లొంగిపోయింది. మిగిలింది బ్రిటన్ ఒక్కటే. వాళ్ల జ్ఞాపకాల్లో మొదటి వంద పేజీలు దాదాపు ఈ పరుగే ఉంటుంది. విమానాలు ఎప్పుడొస్తాయా అని పేజీలు తిప్పేయకండి, అక్కడే మనుషులు బాగా కనిపిస్తారు.

బ్రిటన్‌లో వాళ్లని వెంటనే ఎవరూ నమ్మలేదు. చిత్తుగా ఓడి వచ్చినవాళ్లు, ఇంగ్లీషు రాదు, వీళ్లేం పోరాడతారని సందేహం. 1940 ఆగస్టు 2న లండన్ పక్కన నార్తోల్ట్‌లో పోలండ్ పైలట్లతో 303వ స్క్వాడ్రన్ అనే వైమానిక దళం ఏర్పడింది. బ్రిటిష్ కమాండర్ కెల్లెట్ వాళ్లతో ఫ్రెంచిలో మాట్లాడేవాడు. పోలండ్‌లో వాళ్లు నడిపిన ఫైటర్ విమానాలకు చక్రాలు ఎప్పుడూ కిందికే ఉండేవి. ఇక్కడి ఫైటర్ విమానం హరికేన్‌లో వాటిని లోపలికి మడవాలి, దిగే ముందు గుర్తుంచుకుని దించాలి. కొందరు మర్చిపోయి విమానాన్ని పొట్ట మీదే దించేశారు. ఇంజన్ వేగం మార్చే మీట, థ్రాటిల్, కూడా తిరగబడింది. అక్కడ స్పీడు కావాలంటే వెనక్కి లాగేవాళ్లు, ఇక్కడ ముందుకు తోయాలి. కిలోమీటర్ల బదులు మైళ్లు, మీటర్ల బదులు అడుగులు. వీటన్నిటికంటే నాకు నచ్చింది ఇంకొకటి ఉంది. రేడియోలో వచ్చే ఇంగ్లీషు ఆజ్ఞలు అలవాటు కావడానికి, అప్పటికే శత్రువుతో తలపడి వచ్చిన ఈ పైలట్లను ఒక మైదానంలో మూడు చక్రాల సైకిళ్లెక్కించి తిప్పారు. సైకిల్ మీద రేడియో, దిక్సూచి. చెవిలో ‘కుడికి తిరుగు’ అనగానే తిరగాలి. వాళ్లకి ఎంత ఒళ్లు మండి ఉంటుందో ఊహించుకోండి.

ఆగస్టు 30న శిక్షణలో ఎగురుతుండగా పాష్కియేవిచ్ అనే పైలట్‌కి జర్మన్ విమానాలు కనిపించాయి. చెప్పినా ఎవరూ బదులివ్వలేదు. వరస తప్పి వెళ్లి ఒకదాన్ని కూల్చేశాడు. క్రమశిక్షణ తప్పినందుకు చీవాట్లు పెట్టారు, అభినందించారు, మర్నాడే మొత్తం స్క్వాడ్రన్‌ని యుద్ధంలోకి దింపారు. నెల తిరక్కుండా, సెప్టెంబరు 27న, ఆ పాష్కియేవిచ్ చనిపోయాడు.

ఈ స్క్వాడ్రన్ 126 విమానాలు కూల్చిందని మీ పుస్తకంలో ఉంటుంది. ఇక్కడ కాస్త ఆగండి. 126 అన్నది ఆ రోజుల్లో పైలట్లు చెప్పిన లెక్క. తర్వాత జర్మన్ రికార్డులతో పోల్చి చూస్తే అంత రాలేదు. అన్ని దేశాల పైలట్ల లెక్కలూ ఇలాగే తగ్గాయి. ఒకే విమానాన్ని ముగ్గురు కొడతారు, పొగ రావడం ముగ్గురూ చూస్తారు, ముగ్గురూ తమదే అనుకుంటారు. అబద్ధమాడారని అర్థం కాదు. అప్పట్లోనే నార్తోల్ట్ అధికారి విన్సెంట్‌కి అనుమానం వచ్చి, తనే విమానమెక్కి వాళ్ల వెంట వెళ్లి చూసి వచ్చాడు. మిగతావాళ్లు దూరం నుంచే కాల్చేస్తుంటే వీళ్లు గుద్దుకుంటారేమో అన్నంత దగ్గరికి వెళ్లి కాలుస్తున్నారని కళ్లారా చూశాక నోరెత్తలేదు. కాబట్టి అంకెల విషయంలో జ్ఞాపకాలను కొంచెం అనుమానించండి. భయం, చలి, తిండి, తోటివాడి ఖాళీ కుర్చీ, ఇలాంటి వాటి విషయంలో నమ్మండి.

ఇంకోటి, ఎప్పుడు రాశారో కూడా చూడండి. యుద్ధం జరుగుతుండగా అచ్చయిన దాంట్లో పైలట్ల అసలు పేర్లు దాచారు, పోలండ్‌లో చిక్కుకుపోయిన వాళ్ల అమ్మానాన్నలకు ప్రమాదం కదా. ముప్ఫై ఏళ్ల తర్వాత రాసినవి వేరేగా ఉంటాయి. ఏ రోజుది ఆ రోజే రాసినవీ ఉన్నాయి. పోలండ్ రాజధాని వార్సాలో జర్మన్లు యూదుల్ని గోడ కట్టి బంధించినప్పుడు రింగెల్‌బ్లూమ్ అనే చరిత్రకారుడు తన మిత్రులతో కలిసి రహస్యంగా డైరీలు, ఉత్తరాలు, రేషన్ కార్డులు, పిల్లల వ్యాసాలు పోగుచేశాడు. వాటిని రేకు పెట్టెల్లో, పాల క్యాన్లలో పెట్టి భూమిలో పాతారు. 1946లో కొన్ని, 1950లో కొన్ని తవ్వితే దొరికాయి. ఆయన్ని, భార్యని, కొడుకుని 1944లో జర్మన్లు చంపేశారు. ఇవి మీరు ఇప్పుడే చదవక్కర్లేదు, ఇంకో రెండేళ్లు పోనివ్వండి.

మీ వయసు పిల్లల సంగతికి వస్తాను. 1940 ఫిబ్రవరి నుంచి సోవియట్ వాళ్లు తూర్పు పోలండ్ కుటుంబాలను అర్ధరాత్రి తలుపు తట్టి లేపి, గూడ్స్ పెట్టెల్లో ఎక్కించి సైబీరియాకి, కజకిస్తాన్‌కి తరలించారు. ఏం సర్దుకున్నారో దాదాపు అందరూ రాశారు. ఒకరు కుట్టుమిషన్ అంటారు, ఒకరు దుప్పట్లు అంటారు. రొట్టెముక్క గురించి పేజీలకు పేజీలు. 1941లో జర్మనీ రష్యా మీద పడ్డాక వాళ్లని వదిలారు. 1942లో లక్షకు పైగా మంది ఇరాన్‌కి బయటపడ్డారు. వాళ్లలో కొందరు పిల్లలు మన దేశానికే వచ్చారు. గుజరాత్ తీరంలో జామ్‌నగర్ దగ్గర బాలాచడిలో నవానగర్ రాజు దిగ్విజయ్‌సింహ్‌జీ వాళ్లకి ఇళ్లు, బడి కట్టించాడు. కొల్హాపూర్ పక్కన వలివడేలో ఇంకా పెద్ద శిబిరం, దాదాపు అయిదు వేల మంది. బాలాచడిలో పెరిగినవాళ్ల జ్ఞాపకాల్లో ఒక ముచ్చట ఉంది. రోజూ పాలకూర పెడుతుంటే పిల్లలంతా ‘మేం తినం’ అని సమ్మె చేశారట. సంగతి రాజుగారి దాకా వెళ్లింది. ఇకపై ఆ కూర వండొద్దని వంటవాళ్లకి చెప్పించాడట. సైబీరియాలో ఆకలికి మాడిన పిల్లలు, రెండేళ్లయినా కాకముందే కూర నచ్చలేదని సమ్మె కట్టారు! మీ అమ్మకి ఈ భాగం చదివి వినిపించొద్దు.

యుద్ధం గెలిచాక వీళ్లంతా ఇళ్లకి వెళ్లారనే కదా మీరు అనుకుంటారు? వెళ్లలేదు, ఎక్కువమందికి వెళ్లడానికి ఇల్లే లేదు. 1945లో యాల్టా అనే ఊళ్లో పెద్ద దేశాలు కూర్చుని తూర్పు పోలండ్‌ని సోవియట్ యూనియన్‌కి వదిలేశాయి. మిగిలిన పోలండ్‌లో కమ్యూనిస్టు ప్రభుత్వం వచ్చింది. 1946 జూన్ 8న లండన్‌లో విజయోత్సవ కవాతు జరిగితే, బ్రిటన్ పక్షాన పోరాడిన పోలిష్ సైన్యాన్ని పిలవలేదు. గొడవయ్యాక పాతిక మంది వైమానికుల్ని మాత్రం రమ్మన్నారు. మా తోటివాళ్లు లేకుండా మేం రామని వాళ్లూ మానేశారు. ఇది చదివినప్పుడల్లా నాకు బ్రిటన్ మీద కోపమొస్తుంది, దాచుకోను.

స్కాల్‌స్కీ అనే పేరుమోసిన పైలట్ 1947లో స్వదేశానికి వెళ్లాడు. మర్నాటి ఏడాదే గూఢచారి అని పట్టుకున్నారు, మరణశిక్ష వేశారు, తర్వాత యావజ్జీవం చేశారు. బయటికొచ్చేసరికి 1956. వెళ్లనివాళ్ల సంగతి చూస్తే, టాంకుల డివిజన్‌ని నడిపిన జనరల్ మాచెక్ ఎడిన్‌బరోలో ఒక హోటల్ బార్‌లో పనిచేశాడు. మామూలు కుటుంబాలు సైన్యం ఖాళీ చేసిన రేకు గుడిసెల్లో ఏళ్ల తరబడి ఉన్నాయి. వలస వెళ్లినవాళ్లు రాసిన ఈ భాగాల్లో తుపాకీ మోత ఉండదు. ఫ్యాక్టరీ షిఫ్టులు, ఇంగ్లీషు బడిలో పిల్లల పేర్లు పలకలేక టీచర్ కుదించేయడం, తడి గోడలు ఉంటాయి. మీకు బోరు కొట్టొచ్చు, నాకు మాత్రం ఇవే ఇష్టం.

దసరాకి వచ్చేటప్పుడు పుస్తకంతో పాటు రెండు మ్యాపులు ప్రింటు తీసుకురండి, 1939ది ఒకటి, ఇప్పటిది ఒకటి. మీ పుస్తకంలో ల్వూఫ్ అనే ఊరు మాటిమాటికీ వస్తుంది. పాత మ్యాపులో అది పోలండ్‌లోనే ఉంటుంది. ఇప్పటి దాంట్లో ఉక్రెయిన్‌లో, ల్వివ్ అనే పేరుతో వెతకాలి.

మీ తాతయ్య