వెలుతురుకు తెలివి అంటగట్టిన కథ

కాంతికి ప్రాణముందట. ఆలోచిస్తుందట, దారి ఎంచుకుంటుందట, మనం చూస్తున్నామని తెలిస్తే నడక మార్చుకుంటుందట. నెల్లూరులోనూ ఒంగోలులోనూ ఫోన్లలో తిరిగే వీడియోల్లో ఈ మాటకి “సైన్సే ఒప్పుకుంది” అన్న తోక కూడా ఉంటోంది. కాంతిని ప్రాణిగా పరిశీలించే శాస్త్రమంటూ ఏదీ లేదు, అది ఊహ. కానీ ఆ ఊహకి సరుకు అప్పిచ్చింది భౌతిక శాస్త్రవేత్తలే. అందుకే దీన్ని వట్టి మూఢనమ్మకమని కొట్టిపారేయడం నాకు నచ్చదు. ఎవరు ఏ అవసరంలో ఏమన్నారో చూడాలి.

పాత సంగతి గబగబా చెప్పేస్తాను. మన నైయాయికులు, అంటే న్యాయ దర్శనం పండితులు, చూపు తేజస్సుతో అయినదనీ, బయటికి వెళ్లి వస్తువును తాకుతుందనీ అన్నారు. గ్రీకుల్లో యూక్లిడ్ కూడా కిరణాలు కంటినుంచే బయల్దేరతాయనుకున్నాడు. (ఉప్పూ మిరపకాయలతో దిష్టి తీసే ఇళ్లలో ఈ ఆలోచన ఇంకా చెక్కుచెదరలేదు.) సుమారు వెయ్యేళ్ల కిందట అరబ్ పండితుడు ఇబ్న్ అల్ హైతమ్ దాన్ని తిరగేసి, వెలుతురే కంట్లోకి వస్తుందని వాదించాడు.

అసలు తగువు 1662లో మొదలైంది. తులూజ్ న్యాయస్థానంలో ఉద్యోగం చేస్తూ తీరిక వేళల్లో గణితం చేసుకునే ఫెర్మా, గాలిలోంచి నీళ్లలోకి దిగే కాంతి ఎందుకు వంగుతుందో ఒక్క సూత్రంతో తేల్చాడు. ఈ చోటి నుంచి ఆ చోటికి అతి తక్కువ సమయం పట్టే దారినే అది పోతుందన్నాడు. లెక్క చక్కగా కుదిరింది. మరి ఏ దారిలో తక్కువ సమయం పడుతుందో బయల్దేరకముందే దానికెలా తెలిసింది? ఫ్రెంచ్ తత్వవేత్త దెకార్త్ శిష్యకోటిలోని క్లెర్సెలియే ఈ ప్రశ్నను అదే ఏడాది పట్టుకున్నాడు. ఇది నీతిసూత్రమే గానీ భౌతికసూత్రం కాదు, ప్రకృతికి తెలివి ఉందనుకుంటే తప్ప నిలవదు అన్నాడు. ప్రకృతి రహస్యాలు నాకు తెలుసని నేనెప్పుడూ అనలేదు, జ్యామితి సాయం మాత్రం ఇచ్చాను అని ఫెర్మా జవాబు. ఈ మూడున్నర శతాబ్దాల్లో ఇంతకన్నా నిజాయితీ గల జవాబు నాకు కనబడలేదు. పూర్తి సమాధానం మాత్రం తర్వాత, కాంతి ఒక అల అని చెప్పే తరంగ సిద్ధాంతం నుంచి వచ్చింది. 1948లో అమెరికన్ భౌతిక శాస్త్రవేత్త ఫైన్‌మన్ దాన్ని ఇంకా విడమరిచాడు. దారులన్నీ లెక్కలోకి వస్తాయి. పక్కదారులు ఒకదాన్నొకటి కొట్టేసుకోగా, అతి తక్కువ సమయం పట్టే దారికి దగ్గరగా ఉన్నవి కలిసి నిలుస్తాయి. ఎంచుకోవడమనేదే అక్కడ లేదు.

రెండో అప్పు న్యూటన్‌ది. కొంత కాంతి పలచని పొరను తాకి వెనక్కొస్తుంది, కొంత లోపలికి పోతుంది. ఎందుకని? 1704 నాటి గ్రంథంలో ఆయన కాంతికి ఒకసారి తిరిగొచ్చే ఊపు, మరోసారి దూరిపోయే ఊపు వంతులవారీగా వస్తాయన్నాడు. అంతటివాడికే, కాంతి తరంగమన్న ఆలోచన చేతిలో లేకపోతే, పూనకంలాంటి మాట తప్పలేదు.

ఈ చిక్కు విడిపోయిన కథలో అభ్రకం, అంటే మైకా, ఉంది. 1811లో ఫ్రెంచ్ శాస్త్రవేత్త అరాగో ఆకాశపు వెలుతురును పలచని అభ్రకపు రేకులోంచి, దాని వెనక ఒక స్ఫటికంలోంచి చూస్తే రంగులు కనిపించాయి. ఆయన దేశస్థుడే అయిన బియో ఆ పని అందుకున్నాడు. నల్ల అభ్రకానికి 1847లో బయొటైట్ అని పేరు పెట్టింది ఆయన గౌరవార్థమే. మనకి ఇది దూరపు సంగతి కాదు. గూడూరు, సైదాపురం, కలిచేడు, రాపూరు పక్క మైకా గనులు ఒకప్పుడు పాత నెల్లూరు జిల్లాకి పెద్ద బతుకుతెరువు. అక్కడ ఎక్కువగా దొరికేది లేత రంగు అభ్రకం, మస్కొవైట్. దిబ్బల మీద ఇప్పటికీ రేకులు మెరుస్తుంటాయి. కాగితమంత మందం రేకు ఒకటి తీసుకోండి. లాప్‌టాప్‌లో తెల్లని తెర పెట్టి, పోలరాయిడ్ చలువ అద్దాన్ని తెర నల్లబడేదాకా తిప్పండి. మధ్యలో రేకు పెట్టి మెల్లగా తిప్పితే రంగులు వస్తాయి. అభ్రకంలో కాంతి రెండు దిశల కంపనాలుగా విడిపోతుంది. ఒకటి కాస్త వెనకబడుతుంది. అద్దంలో మళ్లీ కలిసేటప్పుడు కొన్ని రంగులు చెరిగిపోతాయి. రేకు మందం, నిలిపిన కోణం చెబితే ఏ రంగు వస్తుందో చూడకుండానే చెప్పొచ్చు. అలా అణువంత తేడా లేకుండా ముందే చెప్పగలిగేదానికి మనసుందనడం నాకు మింగుడుపడదు.

మూడో పాయ జీవశాస్త్రంలోంచి వచ్చింది. 1923లో రష్యాలో గుర్విచ్ ఉల్లి వేళ్ల మీద ప్రయోగాలు చేసి, కణాలు ఒకదానికొకటి కిరణాలు పంపి విభజనకు పురిగొల్పుతాయన్నాడు. వందల పత్రాలు వచ్చాయి. 1937లో అమెరికాలో హోలెండర్, క్లాస్ జాగ్రత్తగా వెతికితే ఏమీ దొరకలేదు. కణాల నుంచి కంటికి ఆనని బలహీనమైన కాంతి వస్తుందన్నది మాత్రం నిజం, పరికరాలతో కొలిచారు. 1970ల్లో జర్మన్ శాస్త్రవేత్త పాప్ దానికి బయోఫోటాన్లని పేరుపెట్టి (ఫోటాన్ అంటే కాంతి రేణువు), కణాలు వాటితో మాట్లాడుకుంటాయన్నాడు. ఆ మాట రుజువు కాలేదు. వీడియోల్లో వినిపించేది ఎక్కువగా ఇదే.

ఇక “చూస్తే మారుతుంది” అన్నది. 1909లో బ్రిటిష్ శాస్త్రవేత్త టేలర్, మైలుకు పైగా దూరంలోని కొవ్వొత్తి ఇచ్చేంత కొద్ది వెలుతురుతో నెలల తరబడి ఫోటో తీస్తే, సూది నీడ చుట్టూ, కాంతి అలలా నడుస్తుందని చూపే చారలు మామూలుగానే వచ్చాయి. 1978లో అమెరికన్ భౌతిక శాస్త్రవేత్త వీలర్, కాంతిని అలగా కొలవాలా రేణువుగా కొలవాలా అన్నది అది బయల్దేరాక మారిస్తే ఏమవుతుందని అడిగాడు. 2007లో ఫ్రాన్స్‌లో చేసి చూశారు, సూక్ష్మకణాల తీరును లెక్కగట్టే క్వాంటం శాస్త్రం చెప్పినట్టే వచ్చింది. దాని అర్థమేమిటన్న వాదన ఇంకా తెగలేదు. కానీ అక్కడ చూసేది పరికరం. మనిషి గదిలో లేకపోయినా ఫలితం అదే. ఎలక్ట్రాన్లూ ఇలాగే ప్రవర్తిస్తాయి, వాటికి ప్రాణం పోసే వీడియోలు మాత్రం అంతగా కనబడవు.

బతికున్నవాటికి, కాంతికి నిజంగా సంబంధమున్న చోటు సముద్రం. 2019 ఆగస్టులో చెన్నై ఒడ్డున అలలు నీలంగా వెలిగాయి. మన మైపాడు, కొత్తపట్నం ఉన్నదీ ఆ తీరానికి ఉత్తరానే. అలాంటి వెలుగుకి కారణమయ్యేవాటిలో నాక్టిలూకా ఒకటి. ఒకే కణం ఉన్న జీవి, అల కుదిపితే దానిలో రసాయన చర్య జరిగి వెలుగు పుడుతుంది. ప్రాణం ఆ జీవిది. అందులోంచి బయటపడిన ఫోటాన్‌నీ, అదే తరంగదైర్ఘ్యంతో ఎల్‌ఈడీ బల్బు నుంచి వచ్చిన ఫోటాన్‌నీ పక్కపక్కన పెడితే, ఏది ఎక్కడిదో ఏ పరికరమూ తేల్చి చెప్పలేదు.