కుండీలో గంధరాజం పసుపెక్కితే ముందు నీళ్లు చూడండి

కడియం నర్సరీల నుంచి వచ్చినప్పుడు గంధరాజం ఆకు నిగనిగలాడుతూ ముదురు పచ్చగా ఉంటుంది. కొన్ని నెలలు హైదరాబాద్ మేడ మీద బోరు నీళ్లు తాగాక అదే మొక్క వేసే కొత్త ఆకులు పసుపుగా వస్తాయి, ఈనెలు మాత్రం పచ్చగానే ఉంటాయి. నూరువరహాలదీ అదే పరిస్థితి. చూడగానే బలం చాలట్లేదనుకుని ఎముకల పొడి, కోడిగుడ్డు పెంకుల పొడి, కొందరైతే కట్టెల బూడిద కూడా వేసేస్తుంటారు. దయచేసి ఈ మొక్కలకు అవి వేయకండి, ఇక్కడ మొక్కకు అందనిది ఇనుము. మూడూ ఇనుమును అందనివ్వని సున్నం గుణాన్ని (క్షారాన్ని) పెంచేవే, పైగా ఎముకల పొడిలోని భాస్వరం ఇనుమును ఇంకా గట్టిగా కట్టిపడేస్తుంది.

పసుపు ఎక్కడ మొదలైందో చూడండి. కింది ముదురాకులు పండిపోతుంటే చాలాసార్లు నత్రజని తక్కువని అర్థం, ఎందుకంటే మొక్క దాన్ని పాత ఆకుల్లోంచి లాగి చిగుళ్లకు పంపుకోగలదు. ఇనుమును అలా పంపుకోలేదు, అందుకే ఆ లోపం లేత ఆకుల్లోనే బయటపడుతుంది.

నిజానికి మన ఎర్రమట్టిలో ఇనుముకేం కొదవ లేదు, ఆ ఎరుపే ఇనుముది. కాకపోతే కరగాలి కదా! మట్టి పీహెచ్ (ఆమ్ల, క్షార గుణాల కొలత, అంకె పెరిగేకొద్దీ క్షారం ఎక్కువ) ఒక్క అంకె పెరిగితే నీటిలో కరిగి ఉండే ఫెర్రిక్ ఇనుము దాదాపు వెయ్యో వంతుకు పడిపోతుంది. గంధరాజానికీ నూరువరహాలకూ పీహెచ్ 5 నుంచి 6.5 మధ్య ఉంటే హాయి. వేర్లు తమ వంతుగా హైడ్రోజన్ అయాన్లు, అంటే ఆమ్లం, వదిలి చుట్టూ ఉన్న ఇనుమును కరిగించుకోవాలని చూస్తాయి, కానీ బోరు నీళ్లలోని బైకార్బొనేట్లు ఆ ఆమ్లాన్ని ఎప్పటికప్పుడు చంపేస్తాయి. సున్నపురాయి లెక్కలో లీటరుకు 300 మిల్లీగ్రాముల క్షారత ఉన్న నీళ్లు రోజుకో లీటరు పోశామనుకోండి, ఏడాదికి 100 గ్రాములకు పైగా సున్నపురాయి ఆ కుండీలో వేసినట్టే! కొంత అడుగు నుంచి పోయినా మిగిలింది పేరుకుంటూనే ఉంటుంది, కుండీ అంచున కట్టే తెల్లటి పొర చాలావరకు అదే. నేలలో అయితే అంత మట్టి ఆ దెబ్బను కొంతకాలం కాచుకుంటుంది, కుండీలో ఉన్నది నాలుగు దోసిళ్ల మట్టే.

అందుకే ముందు నీళ్లు మార్చాలి. వాన నీళ్లు డ్రమ్ములో పట్టుకుంటే అంతకు మించింది లేదు, ఏసీ నుంచి కారే నీళ్లలోనూ ఈ లవణాలు దాదాపు ఉండవు. ఆర్‌ఓ మెషీన్ వదిలేసే నీళ్లు వృథా ఎందుకని మొక్కలకు పోస్తుంటారు, ఆ ఆలోచన మంచిదే కానీ ఈ మొక్కలకు మాత్రం వద్దు, వడపోతలో ఆగిన లవణాలన్నీ వాటిలోనే ఉంటాయి. బోరు నీళ్లు తప్పకపోతే మరగబెట్టి చల్లార్చి పైతేట వాడొచ్చు, కొంత సున్నం అడుగున తేరుకుంటుంది.

ఆ తర్వాతే ఎరువు. నత్రజని కోసం అమ్మోనియం సల్ఫేట్ వాడండి. వేర్లు అమ్మోనియంను పీల్చుకుంటూ బదులుగా హైడ్రోజన్ అయాన్లను వదులుతాయి, దాంతో మట్టి నెమ్మదిగా ఆమ్లం వైపు తిరుగుతుంది. నైట్రేట్ ఎరువులతో దీనికి రివర్సు. లీటరు నీటికి గ్రాము చొప్పున, 15-20 రోజులకోసారి, అదీ మట్టి తడిగా ఉన్నప్పుడే పోయాలి. ఎక్కువ వేస్తే త్వరగా కోలుకుంటుందన్న ఆశ వద్దు, కుండీలో వేర్లు మాడిపోవడానికి ఎంతోసేపు పట్టదు.

ఇనుముకు మన వేరుశనగ రైతులు ఎప్పటి నుంచో వాడే మందే చాలు. లీటరు నీటికి 5 గ్రాముల అన్నభేది (ఫెర్రస్ సల్ఫేట్), 1 గ్రాము నిమ్మ ఉప్పు (సిట్రిక్ యాసిడ్) కలిపి సాయంత్రం పూట ఆకుల మీద పిచికారీ చేయాలి, కుండీ మొక్కలకు అన్నభేది అందులో సగమైనా సరిపోతుంది. నిమ్మ ఉప్పు మానేయకండి, అది లేకపోతే క్షారపు నీళ్లలో అన్నభేది చూస్తుండగానే తుప్పు రంగుకు తిరిగి మొక్కకు పనికిరాకుండా పోతుంది. మట్టిలో పోయడానికి చిలేటెడ్ ఐరన్ (కరిగే రూపంలో పట్టి ఉంచిన ఇనుము) కొంటుంటే ప్యాకెట్ చదవండి: ఈడీటీఏ రకం పీహెచ్ 6.5 దాటితే ఇనుమును వదిలేస్తుంది, ఈడీడీహెచ్‌ఏ రకం ఖరీదెక్కువైనా 9 దాకా పట్టుకునే ఉంటుంది.

పిచికారీ చేసేటప్పుడు కుండీని టైల్స్ మీద నుంచి జరపండి, అన్నభేది మరక ఒక పట్టాన వదలదు.